విధేయ సేవకుల రిపబ్లిక్కు

పద్ధెనిమిదో శతాబ్దపు అమెరికాలో చదువుకున్నవాడు ఎవరికి ఉత్తరం రాసినా చివర దాదాపు ఒకే మాట రాసేవాడు: తమ మిక్కిలి విధేయుడైన వినమ్ర సేవకుణ్ణి అని. కొడుకు ఉద్యోగం కోసం గవర్నరును ప్రాధేయపడేవాడూ అదే రాశాడు. ఆ గవర్నరు జవాబు ఇస్తే ఆయనా అదే రాశాడు. 1804లో ఆరన్ బర్, అలెగ్జాండర్ హామిల్టన్ పిస్తోళ్లతో కాల్చుకోవడానికి ముందు నడిపిన ఉత్తరాల్లో కూడా ఇద్దరూ ఒకరికొకరు విధేయ సేవకులే. ఆ తర్వాత ఒక సేవకుడు రెండో సేవకుణ్ణి చంపాడు. ఇంగ్లీషు కచేరీల మీదుగా ఈ వాక్యం మన దేశానికీ వచ్చింది. మన తాతల కాలపు ఇంగ్లీషు అర్జీలు ఎవరి పెట్టెలోనైనా మిగిలి ఉంటే, సంతకం పైన చూడండి, కనబడుతుంది.

ఈ వాక్యాన్ని గురించి చరిత్ర చెప్పేవాళ్లు మూడు రకాలు. మొదటి రకంవాళ్లు ఇది వట్టి మర్యాద అంటారు. ఇందులో అర్థం వెతకడం చాదస్తం అంటారు. రెండో రకంవాళ్లు అంతకంటే తెలివైనవాళ్లు. ఇది రాచరికపు సమాజం మాట్లాడిన భాష, పోషకుడికీ ఆశ్రితుడికీ మధ్య ఉన్న గొలుసులమీద ఆ సమాజం నిలబడింది, విప్లవం వచ్చి ఆ గొలుసులను తెంపేసింది అంటారు. ఈ వాదాన్ని అందరికంటే సమర్థంగా చెప్పినవాడు గార్డన్ వుడ్. అమెరికన్ విప్లవంలోని విప్లవాత్మకతను గురించి 1992లో ఆయన ప్రకటించిన గ్రంథానికి మరుసటి ఏడు పులిట్జర్ బహుమానం వచ్చింది. ఇక మూడో రకంవాళ్లు మనవాళ్లే. సిఫార్సు కోరే ఉత్తరం కంటబడగానే "బానిస మనస్తత్వం" అని ఒక చీటీ అంటించి, పని అయిపోయిందనుకొని లేచిపోతారు.

మొదటి వాళ్లతో నాకు పెద్ద తగాదా లేదు. తక్కిన ఇద్దరితో ఉంది.

ఉత్తరం ఎంత వంగి రాశారన్నది రెండో ప్రశ్న. అడిగిన వస్తువు ఎవరి చేతిలో ఉంది, అది ఇవ్వకపోతే అడిగినవాడు ఏం చెయ్యగలడు అన్నది మొదటి ప్రశ్న. మొదటి ప్రశ్న వేసుకోకుండా రెండోదానికి జవాబు చెప్పబోతే అది వ్యాకరణం అవుతుంది గాని చరిత్ర కాదు.

బెంజమిన్ ఫ్రాంక్లిన్ సంగతి చూద్దాం. 1724లో అతను ఫిలడెల్ఫియాలో పద్ధెనిమిదేళ్ల అచ్చాఫీసు పనివాడు. పెన్సిల్వేనియా గవర్నరు విలియం కీత్ ఆ కుర్రవాణ్ణి పిలిపించి, నీకు సొంత ప్రెస్సు పెట్టిస్తాను, లండను వెళ్లి యంత్రం, అక్షరాలు కొనుక్కురా, డబ్బుకు పూచీ ఉత్తరమూ పెద్దలకు పరిచయ పత్రాలూ నేనిస్తాను అన్నాడు. ఉత్తరాలు ఇవాళ, రేపు అంటూ జరుపుకుంటూ వచ్చి, చివరికి ఓడలో సంచిలో ఉంటాయి, వెళ్లు అన్నాడు. ఓడ ఇంగ్లండు చేరుతుండగా సంచి విప్పి చూస్తే అతని పేరిట ఒక్క ఉత్తరం లేదు. తోటి ప్రయాణికుడైన డెనమ్ అనే వర్తకుడు నవ్వాడట: ఆ గవర్నరుకే పరపతి లేదు, నీకు పరపతి పత్రం ఎక్కణ్ణుంచి ఇస్తాడు అని.

బడిపిల్లల పుస్తకాలు ఈ కథనుంచి స్వశక్తి నీతిని పిండుతాయి: ఒకరిమీద ఆధారపడకు, నీ చేతులను నమ్ముకో. ఫ్రాంక్లిన్ మాత్రం ఆ నీతి నేర్చుకోలేదు. ఉత్తరం ఎవరిచేత రాయించాలో తెలిసి రాయించాలి అని నేర్చుకున్నాడు. 1751లో అమెరికా వలసల డిప్యూటీ పోస్టుమాస్టరు జనరలు ఇలియట్ బెంజర్ జబ్బుపడి బతకడని వార్త రాగానే, ఫ్రాంక్లిన్ లండనులోని స్నేహితుడు పీటర్ కాలిన్సనుకు రాశాడు: ఆ ఉద్యోగం నాకు వచ్చేటట్టు చూడండి, 300 పౌన్ల దాకా ఖర్చుకు వెనకాడకండి అని. మనిషి ఇంకా మంచంమీదే ఉన్నాడు. 1753లో మరొకరితో కలిపి ఆ ఉద్యోగం ఫ్రాంక్లినుకు వచ్చింది. వచ్చాక తపాలా కొలువులు కొడుక్కూ అన్నదమ్ములకూ పంచాడు. ఆ కొడుకే విలియం 1762లో న్యూజెర్సీకి రాజు నియమించిన గవర్నరయ్యాడు. విప్లవం వచ్చినప్పుడు రాజు పక్షానే నిలిచాడు. తండ్రీ కొడుకుల వైరాన్ని సిద్ధాంత వైరంగా వర్ణించేవాళ్లు, కొడుకును ఆ కుర్చీవరకు నడిపించిన తండ్రి పలుకుబడిని కూడా లెక్కలో వెయ్యాలి.

ఫ్రాంక్లిన్ దుర్మార్గుడని చెప్పడానికి ఇదంతా రాయడం లేదు. అతనికి ఈ వ్యవహారంలోని హాస్యం తెలుసు. 1777లో పారిసులో ఉండగా, అమెరికన్ సైన్యంలో ఉద్యోగాలు కావాలంటూ యూరపులోని ప్రతి నిరుద్యోగ ప్రభువంశీకుడూ అతని ప్రాణం తీశాడు. విసుగెత్తి, అపరిచితులకోసం ఒక నమూనా సిఫార్సు పత్రం తయారుచేశాడు. సారాంశం ఇది: ఈ ఉత్తరం తెచ్చేవాణ్ణి నేను ఎరగను, ఇతని పేరు కూడా నాకు తెలియదు, ఇతణ్ణి సిఫార్సు చేసినవాణ్ణి కూడా ఎరగను, ఇతని గుణగణాలు నాకంటే ఇతనికే బాగా తెలుసు కాబట్టి ఇతన్నే అడగండి. చదివి నవ్వుకోవలసిందే. కాని ఇది గుమ్మానికి లోపలివైపు నిలబడ్డవాడి నవ్వు. బయట నిలబడ్డవాడు ఇలాంటిది రాయలేడు.

నిజం చెప్పాలంటే, ఈ మాటలు రాస్తున్న నాకు మొదటి ఉద్యోగం వచ్చింది ఒక పెద్దమనిషి రాసిచ్చిన చీటీవల్లే. ఆయన నన్ను ఎరగడు. మా మేనమామను ఎరుగును. ఆ చీటీలో నా సత్ప్రవర్తన గురించి నాలుగు వాక్యాలున్నాయి. కనుక "బానిస మనస్తత్వం" అనే మిత్రులు ముందు నామీద చీటీ అంటించి తర్వాత అమెరికాకు వెళ్లవచ్చు.

ఇక విప్లవకారుల సంగతి. మసాచుసెట్సులో థామస్ హచిన్సన్ అనే సంపన్నుడు ఒకే కాలంలో లెఫ్టినెంట్ గవర్నరు, కౌన్సిలు సభ్యుడు, వీలునామాల జడ్జి. ఇవి చాలవన్నట్టు 1760లో ప్రధాన న్యాయమూర్తి పదవి కూడా ఆయనకే దక్కింది. ఆ పదవిని ఒక పాత గవర్నరు జేమ్స్ ఓటిస్ అనే న్యాయవాదికి వాగ్దానం చేసి ఉన్నాడు. ఓటిస్ కొడుకు, తండ్రి పేరిటివాడే, ఆ తర్వాత బ్రిటిషు అధికారానికి బద్ధ శత్రువయ్యాడు. ఆ కుటుంబానికి దేశభక్తి పుట్టింది పదవి పోయినందువల్లే అని హచిన్సన్ చివరిదాకా అన్నాడు. ఇది నీచమైన మాట. కాని పూర్తిగా అబద్ధమని కొట్టిపారేయవలసిన పని కూడా లేదు. అన్ని కొలువులూ ఒక ఇంటికే పోతున్నప్పుడు మిగిలిన ఇళ్లకు కోపం రావడం రాజకీయమే.

ఆ ఓటిస్ కూతురు మెర్సీ ఓటిస్ వారెన్. హచిన్సన్ ముఠామీద వ్యంగ్య నాటికలు రాసింది. 1775లో వచ్చిన "ది గ్రూప్" అనే నాటిక రాజు విసిరే పదవులకోసం దేశాన్ని అమ్ముకున్నవాళ్లమీదనే. భర్త జేమ్స్ వారెన్ విప్లవసైన్యానికి జీతాల అధికారిగా పనిచేశాడు. హచిన్సన్ దేశం వదిలిపోయాక మిల్టనులో ఉన్న అతని ఇంటినే 1781లో ఈ దంపతులు కొన్నారు. చరిత్ర అప్పుడప్పుడు నాటకరచయితలను మించిపోతుంది.

1789 ఏప్రిలులో కొత్త ప్రభుత్వం ఏర్పడింది. జాన్ ఆడమ్స్ ఉపాధ్యక్షుడయ్యాడు. పదవులమీద నాటికలు రాసిన మెర్సీ వారెన్ మే నెలలో తన పాతమిత్రుడికి ఉత్తరం రాసింది: మా ఆయననూ పిల్లలనూ మరిచిపోకండి అని. ఆడమ్స్ మే చివర జవాబిచ్చాడు. నా చేతిలో పలుకుబడి ఏమీ లేదన్నాడు. ఉన్నా మీ పిల్లలకోసమే కాదు, నా పిల్లలకోసం కూడా దాన్ని వాడనన్నాడు. అక్కడితో ఆగితే సగం గౌరవమైనా మిగిలేది. మీ భర్త కొంతకాలం తన మిత్రులందరితోనూ విభేదించి హానికరమైన చర్యలకు ఊతమిచ్చాడు అని కూడా రాశాడు.

ఏమిటా హానికరమైన చర్యలు? 1786, 87 సంవత్సరాల్లో పశ్చిమ మసాచుసెట్సు రైతులు అప్పులూ పన్నులూ కట్టలేక, భూములు వేలానికి పోతుంటే, కోర్టులను అడ్డగించి తిరగబడ్డారు. దానికి నాయకుడి పేరిట షేస్ తిరుగుబాటని పేరు. ఆ రైతులపట్ల సానుభూతి చూపిన బహు కొద్దిమంది పెద్దమనుషుల్లో జేమ్స్ వారెన్ ఒకడు. ఆ తర్వాత వచ్చిన కొత్త రాజ్యాంగాన్ని కూడా ఈ దంపతులు మెచ్చలేదు. దానికి వ్యతిరేకంగా 1788లో మెర్సీ పేరు పెట్టకుండా ఒక కరపత్రం అచ్చువేయించింది. అందుచేత ఆడమ్స్ నిరాకరణలో రెండు పొరలున్నాయి. పైన ఉన్నది నిష్పక్షపాతం. దాని కింద ఉన్నది రుణదాతల పక్షం. మనం సాధారణంగా పైపొర చదివి ఆడమ్స్ నిజాయితీని పొగుడుతాం, మెర్సీ ఆత్మవంచనను చూసి నవ్వుతాం. తన పిల్లలకోసమూ పలుకుబడి వాడనన్న ఆడమ్స్ 1797లో అధ్యక్షుడు కాగానే కొడుకు జాన్ క్విన్సీని బెర్లినుకు రాయబారిగా పంపాడు. 1798లో అల్లుణ్ణి సైన్యంలో అడ్జుటెంట్ జనరలుగా ప్రతిపాదిస్తే సెనేటే ఒప్పుకోలేదు. కొడుకు సమర్థుడే, కాదనను. సమర్థులైన కొడుకులు అప్పులపాలైన రైతుల ఇళ్లలో కూడా పుట్టి ఉంటారు. వాళ్లకోసం ఉత్తరం రాయడానికి ఎవరూ లేరు.

వాషింగ్టన్ విషయంలో న్యాయంగా ఉందాం. 1789లో ఆయన ప్రమాణస్వీకారం చెయ్యకముందే ఉద్యోగాలు కోరే ఉత్తరాలు వెల్లువెత్తాయి. యుద్ధంలో ఆస్తి పోయినవాళ్లు, కాగితపు డబ్బు విలువ పడిపోయి చితికినవాళ్లు, చనిపోయిన మిత్రుల కొడుకులు, ఇలా అన్నిరకాలవాళ్లూ రాశారు. ఈ ఉత్తరాల పట్టిక ఒక్కటే తర్వాత, 1901లో, పుస్తకంగా అచ్చయింది. ఆయన చాలామందికి ఒకే జవాబిచ్చాడు: ఎవరికీ మాట ఇవ్వకుండా నేను పదవిలోకి వస్తాను, యోగ్యత, పూర్వసేవా త్యాగాలు, రాష్ట్రాల మధ్య సమానత, ఈ మూడు చూసి నియమిస్తాను అని. సొంత తమ్ముడి కొడుకు బుష్‌రాడ్ వర్జీనియాలో ప్రభుత్వ న్యాయవాది పదవి అడిగితే, నీకంటే పెద్ద న్యాయవాదులు ఉన్నారు, లోకం వెయ్యి కళ్లతో నన్ను చూస్తోంది అని తిరగ్గొట్టాడు.

గార్డన్ వుడ్ పక్షాన నిజం ఎంత ఉందో ఇక్కడ ఒప్పుకోవాలి. అడిగే పద్ధతిలో ఏదో మారింది. పాతకాలంలో మనిషి "తమ దయ" అన్నాడు. 1789లో మనిషి "నా సేవ, నా నష్టం" అని కూడా అన్నాడు. వాషింగ్టన్ చెప్పిన రెండో కొలమానం సరిగ్గా ఆ మాటకు గుర్తింపే. దయ అన్న భాషలోకి హక్కు అన్న మాట దొంగతనంగా ప్రవేశించింది. వుడ్ దీన్ని చూశాడు. కాని హక్కు అనే మాట పలికినంతలో హక్కు వచ్చినట్టే అని తేల్చాడు. హక్కు ఉన్నవాడు ఉత్తరం రాయడు, బిల్లు పంపుతాడు.

మేరీ కేథరిన్ గొడార్డ్ ఎవరో చాలామందికి తెలియదు. బాల్టిమోరులో అచ్చాఫీసు నడిపింది. 1777 జనవరిలో స్వాతంత్ర్య ప్రకటనను సంతకాలు చేసినవాళ్ల పేర్లతో సహా మొదట అచ్చువేసింది ఆమె. ఆ పేర్లు అప్పటికి ఉరితాడుకు పనికివచ్చే పేర్లు. అడుగున తన పేరు కూడా వేసుకుంది. 1775నుంచి ఆ ఊరి పోస్టుమాస్టరు ఆమే. డబ్బు చాలని రోజుల్లో తపాలా మోసేవాళ్లకు తన చేతినుంచి ఇచ్చి పని నడిపింది. పద్నాలుగేళ్ల తర్వాత 1789లో కొత్త ప్రభుత్వపు పోస్టుమాస్టరు జనరలు శామ్యూల్ ఆస్‌గుడ్ ఆమెను తొలగించి ఇంకొకర్ని పెట్టాడు. చెప్పిన కారణం, ఈ పనికి ఇకమీదట ఎక్కువ ప్రయాణాలు చెయ్యాలి, స్త్రీవల్ల కాదు అని. ఊరివాళ్లు, వర్తకులతో సహా 200 మందికి పైగా, ఆమెను ఉంచమని సంతకాలు చేశారు. ఆమె వాషింగ్టనుకు ఉత్తరం రాసింది. ఆయన, ఇది పోస్టుమాస్టరు జనరలు పరిధిలోని విషయం, నేను జోక్యం చేసుకోను అన్నాడు.

ఇదీ సత్పురుషుడి నిష్పక్షపాతం. తమ్ముడి కొడుక్కి ఉద్యోగం ఇవ్వని సూత్రమే ఆమె ఉద్యోగాన్ని కాపాడకుండా కూడా చేసింది. తేడా ఏమిటంటే బుష్‌రాడ్ తొమ్మిదేళ్లు ఆగాడు, 1798లో ఆడమ్స్ అతణ్ణి సుప్రీంకోర్టు న్యాయమూర్తిని చేశాడు. గొడార్డుకు పోస్టాఫీసు మళ్లీ రాలేదు. పుస్తకాల దుకాణం పెట్టుకొని బతికింది. 1807లో జెఫర్సన్ ఆర్థికమంత్రి గాలటిన్, స్త్రీలకు ఉద్యోగాలిస్తే ఎలా ఉంటుందని అడిగితే, ఆ కొత్త ఆచారానికి ప్రజలు సిద్ధంగా లేరు, నేనూ లేను అని అధ్యక్షుడు జవాబిచ్చాడు. బాల్టిమోరు ప్రజలు పద్ధెనిమిదేళ్ల కిందటే సిద్ధంగా ఉన్నారు, సంతకాలతో సహా.

ఇప్పుడు యుద్ధం చేసినవాళ్లను చూద్దాం. ఒకే సైన్యం, ఒకే యుద్ధం. 1783 మార్చిలో న్యూబర్గ్ దండులో ఆఫీసర్ల మధ్య పేరులేని ప్రకటన ఒకటి తిరిగింది. మాకు వాగ్దానం చేసిన సగం జీతం పెన్షను సంగతి తేలకపోతే ఆయుధాలు కింద పెట్టబోము అన్నంత మాట అందులో ఉంది. రాసినవాడు మేజరు జాన్ ఆర్మ్‌స్ట్రాంగ్. వాషింగ్టన్ స్వయంగా వచ్చి కన్నీళ్లు తెప్పించే ఉపన్యాసమిచ్చి ఆఫీసర్లను చల్లార్చాడు. సంగతి అక్కడితో ముగిసిందనుకుంటారు. అదే నెలలో అమెరికన్ కాంగ్రెసు ఆఫీసర్లకు జీవితాంతపు సగం జీతానికి బదులు ఐదేళ్ల పూర్తి జీతం మంజూరు చేసింది. బెదిరింపు రాసిన ఆర్మ్‌స్ట్రాంగ్ తర్వాత సెనేటరయ్యాడు, ఫ్రాన్సుకు రాయబారయ్యాడు, 1813లో యుద్ధమంత్రి అయ్యాడు. ఆయన విధేయ సేవకుడిగా రాయవలసిన అవసరం రాలేదు.

సిపాయి జోసెఫ్ ప్లంబ్ మార్టిన్ పదిహేనేళ్లకు 1776లో సైన్యంలో చేరి యుద్ధం ముగిసేదాకా ఉన్నాడు. సిపాయిలకు వాగ్దానం చేసిన నూరేసి ఎకరాలు ఎక్కడో పడమటి అడవుల్లో ఉన్నాయి. ఒంటిమీద బట్టకోసం ఆ హక్కు కాగితాలను దళారులకు అమ్ముకున్నవాళ్లు ఎందరో. మార్టిన్ ఉత్తరానికి వెళ్లి మెయిన్ ప్రాంతంలో, పెనాబ్‌స్కాట్ నది దగ్గర, బీడు కొట్టి సాగు చేశాడు. ఆ భూమి నాది అని ఒకాయన వచ్చాడు. ఆయన పేరు హెన్రీ నాక్స్. మార్టిన్ ఏ సైన్యంలో సిపాయో ఆ సైన్యంలోనే జనరలు. ఆ తర్వాత వాషింగ్టన్ ప్రభుత్వంలో యుద్ధమంత్రి. భార్య తరఫున వచ్చిన పాత రాచపట్టా చేతపట్టుకొని మెయిన్‌లో లక్షల ఎకరాలు తనవన్నాడు. థామస్టనులో మేడ కట్టుకున్నాడు. బ్రిటిషు రాజు ఇచ్చిన పట్టాను రిపబ్లిక్కు కోర్టులు గౌరవించాయి. మార్టిన్ సాగు చేసుకున్న నూరు ఎకరాలకు 170 డాలర్ల వెల కట్టి, నాక్సుకు కట్టుకోమన్నారు. మార్టిన్ దగ్గర డబ్బు లేదు. తన పాత జనరలుకు, భూమి నాకు ఉండనివ్వండి అని ప్రాధేయపడుతూ రాశాడు. నాక్స్ కరుణించినట్టు దాఖలా లేదు.

ఈ ఉత్తరాన్ని "బానిస మనస్తత్వం" అన్న పెట్టెలో వేసే మిత్రుణ్ణి ఒకటి అడుగుతాను. మార్టిన్ ఇంకేం చెయ్యాలి? ఆ ప్రాంతపు రైతులు కొందరు మొహాలకు రంగు పూసుకొని, వేషాలు మార్చుకొని, సర్వేయర్లను తరిమారు. అది జరిగింది, దాని చరిత్రా ఉంది. వేషం వేసుకొని సర్వేయరును తరిమిన చెయ్యీ, "మహాశయా" అని ఉత్తరం మొదలుపెట్టిన చెయ్యీ ఒకే వర్గానివి. ఒక్కోసారి ఒకే మనిషివి కూడా కావచ్చు. అర్జీ విఫలమైన చోట తిరుగుబాటు మొదలవుతుంది అని మనం పాఠాలు చెబుతాం గాని, తిరుగుబాటు అణగిన చోట మళ్లీ అర్జీ మొదలవుతుందన్న సంగతి చెప్పం.

1818లో కాంగ్రెసు సిపాయిలకు పెన్షను చట్టం చేసింది. తొమ్మిది నెలలు పనిచేసి, ఇప్పుడు సహాయం అవసరమైన స్థితిలో ఉన్నవాళ్లకు నెలకు 8 డాలర్లు. దరఖాస్తులు అనుకున్నదానికంటే ఎక్కువ వచ్చాయని 1820లో నిబంధన బిగించారు: పేదవాణ్ణని చెబితే చాలదు, ఆస్తి జాబితా కోర్టులో ప్రమాణం చేసి ఇవ్వాలి. మార్టిన్ ఇచ్చిన జాబితాలో పడక, కట్టుబట్ట తప్ప ఉన్నవి రెండు ఆవులు, ఆరు గొర్రెలు, ఒక పంది. భూమి ఊసు లేదు. ఆఫీసరు ఐదేళ్ల జీతానికి పేదరికం రుజువు చేసుకోవలసిన పని పడలేదు. సిపాయి తన పందిని కూడా లెక్కచెప్పుకున్నాడు. "విప్లవం గొలుసులను తెంపింది" అనే వాక్యాన్ని ఈ జాబితా పక్కన పెట్టి చదువుకోవాలి.

డెబొరా శాంప్సన్ మగవేషంలో సైన్యంలో చేరి పోరాడింది. ఆమె పెన్షనుకోసం 1804లో పాల్ రివీర్ ఒక కాంగ్రెసు సభ్యుడికి ఉత్తరం రాశాడు. సిపాయిగా పనిచేసిన స్త్రీ అంటే పొడుగ్గా మొరటుగా మగరాయుడిలా ఉంటుందనుకున్నాను, తీరా చూస్తే చక్కగా మాట్లాడే చిన్న ఆడమనిషి అని అందులో సాక్ష్యమిచ్చాడు. యుద్ధంలో గాయపడ్డదానికి పెన్షను రావాలంటే, ఇంట్లో ఆడదానిలా ఉంటుందని ఇరుగు పెద్దమనిషి పూచీ పడాలన్నమాట. 1805లో నెలకు 4 డాలర్లు మంజూరయ్యాయి. 1806లో ఆమె అదే రివీరుకు మళ్లీ ఉత్తరం రాసింది, ఇంట్లో జబ్బులు, 10 డాలర్లు అప్పు ఇవ్వమని. నా దృష్టిలో ఆ యుగపు పెద్ద డాక్యుమెంట్లలో ఆ పది డాలర్ల ఉత్తరం ఒకటి.

రచయితల మాటకు వద్దాం, మన పత్రిక రచయితలది గనుక. కవి ఫిలిప్ ఫ్రెనోకు 1791లో జెఫర్సన్ తన విదేశాంగ శాఖలో అనువాదకుడి పని ఇచ్చాడు, ఏటికి 250 డాలర్లు. ఫ్రెనో పత్రిక పెట్టి హామిల్టన్ ఆర్థిక విధానాన్ని, వడ్డీలమీద బతికే పెట్టుబడిదారుల ప్రభుత్వమని, చీల్చి చెండాడాడు. ప్రభుత్వ జీతం తింటూ ప్రభుత్వాన్ని తిడుతున్నాడని హామిల్టన్ గోలపెట్టాడు. హామిల్టన్‌ను సమర్థించే ఫెనో పత్రిక ఖజానాశాఖ అచ్చుపనులమీద బతుకుతున్నదని మాత్రం చెప్పలేదు. ఈ విషయంలో నా సానుభూతి ఫ్రెనోవైపే. కాని అతని పత్రిక రెండేళ్లు నిండి జెఫర్సన్ మంత్రిపదవి వదిలే వేళకు మూతపడింది.

జేమ్స్ కాలెండర్ కథ ఇంకా చేదు. జెఫర్సన్ పక్షాన రాసి, ఆడమ్సును తిట్టినందుకు 1800లో రాజద్రోహ చట్టం కింద తొమ్మిది నెలలు జైలు, 200 డాలర్లు జరిమానా పడ్డాడు. జెఫర్సన్ గెలిచాడు, క్షమాభిక్ష ఇచ్చాడు. కాలెండర్ రిచ్‌మండ్ పోస్టుమాస్టరు పదవి అడిగాడు. ఇవ్వలేదు. 1802లో అతను ఎదురు తిరిగి, జెఫర్సనుకు తన బానిస శాలీ హెమింగ్స్‌వల్ల పిల్లలున్నారని అచ్చువేశాడు. కాలెండర్ నీచుడని జెఫర్సన్ పక్షపాతులు నూటయాభై ఏళ్లకు పైగా రాశారు. నీచుడే కావచ్చు. చెప్పిందాంట్లో ముఖ్యమైన సంగతి నిజమని ఇప్పుడు చాలామంది చరిత్రకారులు ఒప్పుకుంటున్నారు. ఆ నిజం బయటికి రావడానికి పోస్టుమాస్టరు ఉద్యోగం రాకపోవడం అవసరమైంది. వచ్చి ఉంటే? అధికారానికి దగ్గరగా నిలబడిన అభ్యుదయ రచయిత ఎవరైనా ఈ ప్రశ్నను ఒకసారి తనకు వేసుకుంటే నష్టం లేదు. అదే జెఫర్సన్ 1801లో న్యూహావెన్ సుంకాల కలెక్టరుగా 77 ఏళ్ల శామ్యూల్ బిషప్పును వేశాడు. కొడుకు ఏబ్రహాం బిషప్ పార్టీ కరపత్రకారుడు. వర్తకులు గోలపెడితే, ఖాళీలు ఎలా వస్తాయి, చావులవల్ల వచ్చేవి తక్కువ, రాజీనామాలవల్ల అసలు రావు అని జవాబు రాశాడు. ముసలాయన 1803లో పోయాక కుర్చీ కొడుక్కే వచ్చింది.

జెఫర్సనుకు వచ్చిన ఉత్తరాల్లో ఏమీ అడగని ఉత్తరం ఒకటుంది. 1791 ఆగస్టు 19న మేరీలాండునుంచి బెంజమిన్ బానెకర్ రాసింది. అతను స్వతంత్రుడైన నల్లజాతి రైతు. ఖగోళ గణితం సొంతంగా నేర్చుకొని, ఆ ఏడే కొత్త రాజధాని హద్దుల సర్వేలో పనిచేసి, మరుసటి ఏటికి పంచాంగం గణించాడు. ఉత్తరం ఆనాటి పద్ధతిలోనే, తన సాహసానికి మన్నించమని మొదలవుతుంది. ఆ తర్వాత, మనుషులంతా సమానమని ప్రకటన రాసినవారు మీరే, మా సోదరులను మోసంతోనూ బలంతోనూ పట్టి ఉంచినవారూ మీరే అని మర్యాద చెడకుండా చెబుతుంది. అడుగున "మిక్కిలి విధేయ వినమ్ర సేవకుడు" అని సంతకం.

జెఫర్సన్ పదకొండు రోజులకు జవాబు రాశాడు. పంచాంగం అందినందుకు సంతోషం, దాన్ని పారిసుకు కాండర్సేకు పంపుతున్నాను అన్నాడు. బానిసల విషయంలో తాను చెయ్యబోయేది ఏమీ చెప్పలేదు. ఆయన కింద కూడా "మిక్కిలి విధేయ వినమ్ర సేవకుడు" అనే సంతకం చేశాడు. జీవితకాలంలో ఆరు వందలమందికి పైగా మనుషులకు యజమాని అయిన వ్యక్తి సంతకం అది. నిజంగా ఆయన సేవకులైనవాళ్లలో బహుకొద్దిమందికి తప్ప ఆ వాక్యం రాయగల చదువు దక్కలేదు. 1809లో, బానెకర్ పోయిన మూడేళ్లకు, ఒక మిత్రుడికి రాసిన ఉత్తరంలో జెఫర్సన్ ఆ మనిషి బుద్ధి చాలా సామాన్యమైనదని తేల్చాడు. అప్పటికి బానెకర్ ఉత్తరాన్నీ జెఫర్సన్ జవాబునూ చదివినవాళ్లు చాలామంది ఉన్నారు. ఆ రెంటినీ కలిపి ఫిలడెల్ఫియాలో 1792లోనే కరపత్రంగా అచ్చువేశారు.